ఆ ఫోటోలో ఉన్నది కబ్జాదారుల ఇల్లు కాదు

సంపాదకుల వారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ జిల్లా పేజీలో మా వరంగల్‌లోని బొందివాగు నాలా గురించి ఒక వార్త వేశారు. పైన పెద్ద అక్షరాల్లో 'కబ్జా కోరల్లో నాలా' అని శీర్షిక. కింద ఫోటోలో ఒక రేకుల ఇల్లు, గాలికి రేకులు లేవకుండా పైన పెట్టిన రాళ్లు, ఇంటి ముందర గిన్నెలు తోముకుంటున్న ఒక ముసలమ్మ. ఫోటో కింద 'నాలాను ఆక్రమించి వెలసిన ఇళ్లు' అని రాశారు.

ఆ ముసలమ్మ నాకు తెలుసు. వరసకు ఏమీ కాదు కానీ ఇరవై ఏళ్లుగా అవ్వా అనే పిలుస్తాను. నేను కరెంటు మీటర్ రీడర్‌ని, కాంట్రాక్టరు కింద పనిచేస్తాను. ఆమె ఇంటి మీటరు నెలనెలా చూసేది నేనే. మా ఇల్లు కూడా అదే బస్తీలో, ఆమె ఇంటికి నాలుగు ఇళ్ల అవతల ఉంటుంది.

సోమవారం పొద్దున నేను బిల్లులు కొట్టుకుంటూ పోతుంటే అవ్వ పేపరు పట్టుకొని ఎదురొచ్చింది. చాయ్ హోటల్లో ఎవరో ఫోటో చూసి తెచ్చి ఇచ్చారట. ఆమెకు చదువు రాదు. మొహం మాత్రం వెలిగిపోతోంది. "కొడుకా, నా ఫోటో పేపర్ల వడ్డది. ఇండ్ల సంగతి రాసినట్టున్నరు. పట్టాలిస్తరంటనా? జర సదివి చెప్పు" అంది. నేను అక్కడే నిలబడి చదివాను. నాలా ఎంత వెడల్పు ఉండాలి, ఇప్పుడెంత ఉంది, వానలు పడితే ఏమవుతుంది, అన్నీ చదివి వినిపించాను. శీర్షిక చదవలేదు. ఫోటో కింద ఉన్న మాట కూడా చదవలేదు. నోరు రాలేదు. సాయంత్రం బడి నుంచి వచ్చిన మనవడు చదివాడు. ఆరో తరగతి పిల్లవాడు. "నాయినమ్మా, కబ్జా అంటే దొంగతనమా?" అని అడిగాడట.

ఆ రోజు నుంచి అవ్వ ఇంటి ముందర గిన్నెలు తోమడం మానేసింది. ఎవరైనా మళ్లీ ఫోటో తీస్తారేమోనని వెనకవైపు కూర్చొని తోముకుంటోంది. ఆ ఒక్క మాట గురించే ఈ ఉత్తరం రాస్తున్నాను.

ఆమె ఆ జాగాలోకి ఎట్లా వచ్చిందో చెప్తాను. భర్త ఏనుమాముల మార్కెట్లో హమాలీ. నర్సంపేట అవతల పల్లె నుంచి ఇద్దరూ వచ్చి శివనగర్‌లో ఒక గదిలో కిరాయికి ఉన్నారు. మిర్చి సీజన్‌లో చేతినిండా పని, వానాకాలంలో కిరాయి కట్టడానికి అప్పు. 1998లో ఒకాయన వచ్చి, వాగు పక్కన ప్లాట్లు చేస్తున్నానని, 60 గజాలు 22 వేలకు ఇస్తానని చెప్పాడు. అవ్వ మెడలోని బంగారు గుండ్లు అమ్మింది, చిట్టి ఎత్తింది. స్టాంపు కాగితం మీద రాసి ఇద్దరు సాక్షులతో వేలిముద్రలు వేయించుకున్నారు. ఆ కాగితం ఇప్పటికీ ఆమె రేకుపెట్టెలో ఉంది. మా నాయన కూడా అదే సంవత్సరం, అదే మనిషి దగ్గర, అలాంటి కాగితం మీదనే కొన్నాడు. అది సర్కారు భూమి అని మాకు తెలిసింది మూడు నాలుగేళ్ల తర్వాత, ఒక సర్వేయరు గొలుసు పట్టుకొని వచ్చినప్పుడు. అప్పటికి అమ్మినాయన లేడు. కొంతకాలానికి వేరే వాడలో ఆయనకు బంగళా లేచింది. దానికి రిజిస్ట్రేషన్ ఉంది. ఆయన ఫోటో ఏ పేపర్లోనూ రాలేదు.

దాచడం నాకు ఇష్టం లేదు. మా బస్తీ పై వరుసలో కొన్న కాగితాలు కూడా లేనివాళ్లు ఉన్నారు. పార్టీ జెండా పాతి, రాత్రికి రాత్రి నాలుగు కట్టెలు నాటి గుడిసె వేసుకున్నారు. వాళ్లలో అడ్డా కూలీలున్నారు, దవాఖానలో ఊడ్చేవాళ్లున్నారు, కాలనీల్లో ఇళ్ల పని చేసే ఆడవాళ్లున్నారు. పని దొరికిన రోజు ఐదారు వందలు, దొరకని రోజు ఏమీ లేదు. రెండు గదులకు నాలుగైదు వేల కిరాయి, రెండు నెలల అడ్వాన్స్ ఎక్కడి నుంచి తెస్తారు? ఆ జాగాలో వాళ్లు ఉంటున్నారు, పిల్లల్ని కంటున్నారు, చచ్చిపోతున్నారు. ప్లాటు వేసి అమ్ముకొని పోయినవాడిని, పండుకోవడానికి నీడ వేసుకున్నవాణ్ణి ఒకే పేరుతో పిలిస్తే చదివేవాళ్లకు తేడా ఎట్లా తెలుస్తుంది?

కబ్జా అని మీరు రాసిన ఇంటికి సర్కారు ఏమేం ఇచ్చిందో కూడా చూడండి. ముందు కరెంటు మీటరు వచ్చింది. తర్వాత ఇంటి నంబరు, ఇంటి పన్ను. తర్వాత వీధిలో నల్లా. ఓటరు కార్డు, రేషన్ కార్డు, ఆధార్, అన్నీ ఆ చిరునామా మీదనే. ఒక ఎన్నికల ముందు సీసీ రోడ్డు కూడా పోశారు. 2024 మార్చి నుంచి గృహజ్యోతి కింద 200 యూనిట్ల లోపు వాడిన ఇంటికి జీరో బిల్లు ఇస్తున్నాం. అవ్వ ఇంట్లో ఒక ఫ్యాను, రెండు బల్బులు, ఒక టీవీ. ఎంత ఎండాకాలమైనా ఆమెకు 60 యూనిట్లు దాటవు. ఆమె బిల్లు సున్నా.

కట్టేది ఏమీ లేకపోయినా మా బస్తీలో బిల్లు తీసుకోకుండా నన్ను ఎవరూ కదలనీయరు. పెద్ద కాలనీల్లో జీరో బిల్లు ఇస్తే గేటు దగ్గర పడేస్తారు. మా దగ్గర తడి చేతులు చీరకు తుడుచుకొని వచ్చి తీసుకుంటారు. "బిల్లు ఇయ్యకుంట పోకు కొడుకా" అని వెనక నుంచి కేకేస్తారు. ఎందుకంటే వాళ్లు ఆ ఇంట్లో ఉన్నట్టు సర్కారు ముద్రతో చేతికొచ్చే కాగితం నెలకు అదొక్కటే.

ఇక్కడ ఒక సంగతి మీ పాఠకులకు తెలియాలి. 2014 డిసెంబరు 30న 58వ నంబరు జీవో వచ్చింది. అభ్యంతరం లేని, అంటే చెరువు, నాలా లాంటివి కాని సర్కారు భూమిలో ఇల్లు కట్టుకొని ఉంటున్న పేదలకు 125 గజాల వరకు ఉచితంగా క్రమబద్ధీకరిస్తామని దాని సారాంశం. అంతకంటే ఎక్కువ జాగా ఉన్నవాళ్లు డబ్బు కట్టి చేయించుకోవడానికి 59వ జీవో. 2014 జూన్ 2 నాటికి ఆ ఇంట్లో ఉన్నట్టు రుజువు కావాలన్నారు. 2023లో ఆ తేదీని 2020 జూన్ 2కు జరిపారు. రుజువంటే కరెంటు బిల్లు, పన్ను రసీదు, నల్లా బిల్లు లాంటివి. 2022లో మీసేవలో దరఖాస్తులు తీసుకుంటున్నారని తెలిసి బస్తీ బస్తీ అంతా పెట్టెలు తెరిచింది.

అవ్వ ఒక బియ్యం సంచి తెచ్చి నా ముందర కుమ్మరించింది. ఎనిమిదేళ్ల బిల్లులు, రబ్బరు బ్యాండ్లు వేసి, సంవత్సరం వారీగా కట్టలు. చదువు రాని మనిషి అంత జాగ్రత్తగా ఎట్లా పెట్టిందో నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. కట్టలు విప్పి చూస్తే సగానికి పైగా తెల్ల కాగితాలు. మా మిషన్ నుంచి వచ్చే ఆ సన్న కాగితానికి వేడి తగిలినా, తడి తగిలినా అక్షరాలు పోతాయి. రేకుల కింద ఎండాకాలం పెట్టెలో ఉన్న బిల్లు ఎన్నాళ్లు నిలుస్తుంది? ఒక ఖాళీ ముక్క పట్టుకొని "గిది తెలంగాణ వచ్చిన యాడాదిది కొడుకా, నాకు యాదికున్నది" అంది. ఆమెకు గుర్తుంది. కాగితం మీద మాత్రం ఏమీ లేదు.

ఆ బిల్లులు కొట్టింది నేనే. అప్పటి నుంచి నేను ప్రతి ఇంట్లో చెప్తున్నాను, బిల్లు ఇచ్చిన రోజే జిరాక్స్ తీసి పెట్టుకోండి అని. రెండు రూపాయలు. కానీ నెలనెలా రెండు రూపాయల కోసం మెయిన్ రోడ్డు దాకా ఎవరు పోతారు?

నిజానికి ఆ ముక్కల అవసరమే లేదు. ప్రతి కరెంటు సర్వీసుకు ఒక నంబరు ఉంటుంది, అది ఏ తేదీన ఇచ్చారో ఆఫీసు రికార్డులో ఉంటుంది. ఇంటి పన్ను ఏ సంవత్సరం నుంచి వేశారో మున్సిపల్ లెక్కల్లో ఉంటుంది. ఏ ఎన్నికల్లో ఎవరు ఆ ఇంటి నంబరు మీద ఓటరుగా ఉన్నారో జాబితాల్లో ఉంటుంది. ఇవన్నీ సర్కారు దగ్గరే ఉన్నప్పుడు ముసలమ్మ దగ్గర బియ్యం సంచి ఎందుకు కుమ్మరించుకోవాలి? ఒక బస్తీ సర్వీసు నంబర్లు తీసుకొని తేదీలతో జాబితా చేయడం పెద్ద పని కాదు. నా లాంటి వాణ్ణి ఇద్దరిని కూర్చోబెడితే వారం రోజుల్లో అయిపోతుంది. ఈ మాట నేను ఒక అధికారితో చెప్పాను. ఆయన మంచిగానే విన్నాడు. "పైనుంచి ఆర్డర్ రావాలి" అన్నాడు.

అవ్వ దరఖాస్తుకు ఈనాటికీ అవునని రాలేదు, కాదని రాలేదు. ఒకసారి వచ్చి కొలిచిపోయారు. మీది నాలాకు దగ్గర, అభ్యంతరం ఉన్న జాగా అని ఒకరు నోటిమాటగా అన్నారు. కాగితం మీద రాసివ్వమంటే ఇవ్వలేదు. పైగా 2021 ఆగస్టులో వరంగల్ అర్బన్ జిల్లా హనుమకొండ అయింది, రూరల్ జిల్లా వరంగల్ అయింది. నగరం ఒకటే, జిల్లాలు రెండు. మాలో పాత దరఖాస్తులు పెట్టుకున్నవాళ్లు ఒక ఆఫీసుకు పోతే ఇంకో ఆఫీసుకు పొమ్మంటున్నారు. కూలీకి ఒక పూట పోతే ఆ రోజు కూలి మొత్తం పోయినట్టే.

సంపాదకులు గారూ, ఈ అవును కాదుల మధ్య బతకడం ఎట్లా ఉంటుందో రాయాలని ఉంది. మా బస్తీలో ఎవరూ స్లాబు వేయరు. డబ్బు లేక కొందరు, డబ్బున్నా భయంతో కొందరు. స్లాబు వేస్తే జేసీబీ వచ్చిన రోజు మొత్తం పోతుంది, రేకులైతే విప్పుకొని పోవచ్చు. మా నాయన చనిపోయేదాకా ఇంట్లో బండలు వేయనివ్వలేదు. "రేపు పొమ్మంటే బండలు ఎత్తుకపోతవా?" అనేవాడు. పట్టా లేని ఇంటి మీద బ్యాంకు లోను ఇవ్వదు, కాబట్టి నూటికి మూడు రూపాయల వడ్డీకి తెస్తాం, లేదంటే వారం వారం కిస్తీ కట్టే గ్రూపు లోను. నా చెల్లె పెళ్లి మాటల్లో అవతలివాళ్లు మొదట అడిగింది "ఇల్లు సొంతమేనా" అని. మా అమ్మ ఒక నిమిషం ఏమీ అనలేకపోయింది. తర్వాత "ఉంటున్నం కదా" అంది. ఆ సంబంధం కుదరలేదు. రాత్రి పూట పెద్ద బండి చప్పుడు వినిపిస్తే ఇప్పటికీ మా ఇంట్లో అందరికీ మెలకువ వస్తుంది. ఆ టెన్షన్ ఒక రోజుది కాదు, 1998లో కొన్న జాగాలో ఇన్నేళ్ల నుంచి ఉంది.

వరద గురించి కూడా నేను చెప్పాలి. మేము అక్కడే ఉండాలి, నాలా ఎట్లా పోయినా ఫర్వాలేదు అనే మనిషిని కాదు నేను. 2020 ఆగస్టులో నీళ్లు చూశాను. 2023 జూలై 27 ఇంకా గుర్తుంది. తెల్లవారుజామున వాగు మా గడపలు దాటింది. హంటర్ రోడ్డు మీద నీళ్లు, ఎన్‌టీఆర్ నగర్‌లో జనం మేడల మీద. మేము పిల్లల్ని భుజాల మీద ఎత్తుకొని రోడ్డు ఎక్కాం. అవ్వ రాను పొమ్మంది. పెట్టె తీసుకొస్తేనే వస్తానంది. రేకుపెట్టె నేను నెత్తిన పెట్టుకుంటే, నా చొక్కా పట్టుకొని నడుము లోతు నీళ్లలో వచ్చింది. రెండు రోజులకు భద్రకాళి చెరువు కట్టకు గండి పడింది. నీళ్లు తీశాక వచ్చి చూస్తే ఆమె గోడ మీద నా ఛాతీ ఎత్తున బురద గీత. ఆమె మొదట చేసిన పని కాగితాలు దండెం మీద ఆరేసుకోవడం. క్లిప్పులు లేక చీర పిన్నీసులు పెట్టింది.

కాబట్టి నాలా వెడల్పు చేయాలి. కాకతీయులు గొలుసుకట్టు చెరువులు తవ్విన ఊరు ఇది, ఒక చెరువు నిండితే నీళ్లు ఇంకో చెరువుకు పోవాలి, ఆ దారి ఎవరూ మూయకూడదు. ఇది మా బస్తీలో చాలామంది ఒప్పుకుంటారు. ఎందుకంటే మునిగేది మొదట మేమే. కానీ నేను మీటర్లు చూసేది మా బస్తీలోనే కాదు. త్రీ ఫేజ్ మీటర్లున్న ఇళ్లకూ పోతాను. వాగు వైపు జరిగి లేచిన ప్రహరీలు, మట్టి పోసి ఎత్తు చేసిన ప్లాట్లు, సెల్లార్లు అన్నీ వెనకవైపు నుంచి చూస్తాను. వాగు ఇరుకైన చోట వాటి గోడలు కూడా ఉన్నాయి. మీ విలేకరి ఫోటో తీయడానికి నిలబడిన చోటు నాకు తెలుసు. కెమెరా ఎడమకు తిప్పితే రేకుల ఇల్లు వస్తుంది, కుడికి తిప్పితే మూడంతస్తుల మేడ ప్రహరీ వస్తుంది.

2024 నవంబరు 13న సుప్రీంకోర్టు ఇళ్ల కూల్చివేతల మీద తీర్పు ఇచ్చింది. పదిహేను రోజుల ముందు నోటీసు ఇవ్వకుండా ఇల్లు కూల్చకూడదని చదివి మా వాళ్లందరికీ చెప్పాను. ఆ రాత్రి బాగా నిద్రపట్టింది. తర్వాత పూర్తిగా చదివాను. రోడ్డు, ఫుట్‌పాత్, రైలు పట్టాల పక్కన, నదులు, చెరువుల్లాంటి నీటి వనరుల్లో ఉన్న అనధికార కట్టడాలకు అది వర్తించదట. మరి నాలా పక్కన ఉన్న అవ్వ ఇల్లు ఏ లెక్కలోకి వస్తుంది? సర్కారు భూమి ఆక్రమణల మీద ఉన్న 1905 నాటి చట్టంలో కూడా ఖాళీ చేయించే ముందు నోటీసు ఇవ్వాలనే ఉంది. 2024 తీర్పుకు చాలా ముందే, 1985లో బొంబాయి ఫుట్‌పాత్‌ల మీద ఉండేవాళ్ల కేసులో ఇదే సుప్రీంకోర్టు, బతుకుతెరువు కూడా జీవించే హక్కులో భాగమే అంది. వాళ్లను అక్కడే ఉండనివ్వమని చెప్పలేదు. వానాకాలం పోయేదాకా కదిలించవద్దని, 1976లో లెక్క తీసి కార్డులు ఇచ్చినవాళ్లకు వేరే జాగా చూపాలని చెప్పింది. సర్కారే ఇచ్చిన కార్డుకు అక్కడ విలువ వచ్చింది. అవ్వ దగ్గర ఉన్నవి కూడా అలాంటివే కదా అని నాకు అనిపిస్తుంది.

ఇళ్ల పథకాల్లో మా పరిస్థితి ఇంకా చిక్కు. 2015 జనవరిలో అప్పటి ముఖ్యమంత్రి కేసీఆర్ గారు వరంగల్ బస్తీల్లో తిరిగి పక్కా ఇళ్లు కట్టిస్తామన్నారు. మా అవ్వ ఆ రోజుల్లో రోజూ ఇల్లు అలికి ముగ్గేసింది, ఎవరైనా వస్తారేమోనని. ఇప్పుడు ఇందిరమ్మ ఇళ్లకు ఐదు లక్షలు ఇస్తున్నారు. సొంత జాగా ఉండి ఇల్లు లేనివాళ్లు ఎల్-1 అట, జాగా కూడా లేనివాళ్లు ఎల్-2 అట. మా బస్తీకి సర్వేకు వచ్చిన అమ్మాయి ఫోన్ పట్టుకొని అవ్వ గుమ్మంలో నిలబడింది. జాగా ఉందని రాస్తే పట్టా అడుగుతారు. జాగా లేదని రాస్తే, 27 ఏళ్లకు దగ్గరగా ఉంటున్న ఇంట్లో నిలబడి తనకు జాగా లేదని అవ్వ ఒప్పుకోవాలి. "లేదని రాయకు బిడ్డా, మా ఆయన పీనుగ లేసింది ఈ ఇంట్ల నుంచే" అంది. ఆ అమ్మాయి ఏం రాసిందో మాకు తెలియదు.

మేము అడిగేది చాలా కొంచెం. అభ్యంతరం లేని వరుసలకు పట్టాలు ఇవ్వండి, ఇంటి ఆడమనిషి పేరు మీద. నాలాలోకి వచ్చే ఇళ్లు ఏవో ఇంటి నంబర్లతో రాసి బస్తీలో అతికించండి, వానలకు చాలా ముందే. వాళ్లకు ముందు ఇల్లు చూపించి తాళం చేతికిచ్చాక ఖాళీ చేయించండి. ఆ ఇల్లు పదిహేను కిలోమీటర్ల అవతల ఉంటే హమాలీ తెల్లవారుజామున మార్కెట్‌కు ఎట్లా వస్తాడు, పనిమనిషి మూడిళ్లు ఎట్లా చేస్తుంది? ఆటో కిరాయికే కూలి సరిపోతుంది. దగ్గర్లో చూపించాలి.

మీ పత్రికను అడిగేది ఇంకా చిన్నది. నాలా గురించి రాయండి, తప్పకుండా రాయండి. అమ్మినవాళ్లను కబ్జాదారులనండి. ఆ ఇళ్లలో ఉంటున్నవాళ్లను ఉంటున్నవాళ్లు అని రాయండి. ఆ ఫోటో కింద వేసిన మాటను సవరిస్తూ రెండు లైన్లు వేస్తే నేను వాటిని కత్తిరించి, జిరాక్స్ తీయించి అవ్వ మనవడికి ఇస్తాను.

మీ విలేకరిని ఒకసారి పంపండి. పొద్దున ఏడు లోపల రావాలి, తర్వాత అందరూ పనికి పోతారు. నేను నెల మొదటి వారం ఆ వరుసలోనే ఉంటాను, భుజానికి నల్ల సంచి, చేతిలో బిల్లు మిషన్. బురద గీత ఇంకా పోని గోడ అవ్వదే. కాకపోతే ఆమె ఇంటి ముందర ఉండదు. వెనకకు రమ్మని పిలవాలి.

కాంట్రాక్టు పని కాబట్టి నా పేరు, బస్తీ పేరు వేయవద్దని మనవి.

ఇట్లు,
ఒక మీటర్ రీడర్,
వరంగల్.